ధర్మగ్రంథం పక్కనే జమాఖర్చు పుస్తకం: మత ఆర్కైవ్‌ల గురించి అపోహలు, వాస్తవాలు

మత సంస్థల పాత రికార్డులు, పుస్తకాలు భద్రపరిచే ఆర్కైవ్‌లో పని చేస్తానని చెబితే చాలామంది ముందుగా అడిగేది ఒకటే: "మీ దగ్గర అన్నిటికంటే పాతది ఏది?" ఆసక్తితోనే అడుగుతారు, దానికి జవాబు చెప్పడం కూడా తేలికే. కానీ పాతదైతేనే విలువ, పవిత్రమైనదైతేనే విలువ అనుకోవడం వల్ల పోకూడనివి చాలా పోతున్నాయి. ఈ పనిలో తరచూ వినబడే మాటలు కొన్ని తీసుకుని, వాటి సంగతి ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: పవిత్ర గ్రంథాల ప్రతులు దాస్తే చాలు, మిగతావన్నీ చిత్తు కాగితాలే.

అన్నిటికంటే ఎక్కువ నష్టం చేస్తున్నది ఈ మాటే. కైరోలోని బెన్ ఎజ్రా యూదు ప్రార్థనా మందిరం కథ చూడండి. దేవుడి పేరు రాసిన కాగితాన్ని పారేయకూడదని యూదుల ఆచారం. పాడైపోయిన వాటిని గెనిజా అనే గదిలో వేస్తారు, తర్వాత భూమిలో పూడుస్తారు. ఈ మందిరంలో మాత్రం శతాబ్దాల పాటు వేస్తూనే పోయారు, పూడ్చడం జరగలేదు. పైగా గ్రంథాలతో పాటు హీబ్రూ లిపిలో ఉన్న ప్రతి కాగితమూ ఆ గదిలోకే చేరింది. ఉత్తరాలు, పెళ్లి ఒప్పందాలు, అప్పు పత్రాలు, సరుకుల జాబితాలు, పిల్లలు అక్షరాలు దిద్దిన కాగితాలు, అన్నీ.

1896-97లో సొలొమన్ షెక్టర్ అనే పండితుడు వాటిలో ఎక్కువ భాగాన్ని కేంబ్రిడ్జ్‌కు తరలించారు. అక్కడ ఒక్కచోటే 1,90,000కు పైగా ముక్కలున్నాయి. మొదట్లో పండితుల చూపంతా గ్రంథాల మీదే. ఉత్తరాలు, లెక్కలు చాలాకాలం పక్కనే పడి ఉన్నాయి. 20వ శతాబ్దం మధ్యలో ఎస్. డి. గోయిటైన్ అనే చరిత్రకారుడు వాటిని పట్టుకున్నాక మధ్యయుగాల మధ్యధరా ప్రాంతంలో మామూలు మనుషులు ఎలా బతికారో ప్రపంచానికి తెలిసింది. 12వ శతాబ్దంలో మంగళూరులో ఉండి వ్యాపారం చేసిన అబ్రహాం బెన్ యిజూ అనే యూదు వర్తకుడి సంగతులు మనకు దొరికింది కూడా ఆ ఉత్తరాల నుంచే. చిత్తు కాగితాలని ఎవరైనా ఆ గది ఊడ్చేసి ఉంటే అతను చరిత్రలోనే ఉండేవాడు కాదు.

మా దగ్గరకు వచ్చే కట్టల విషయంలోనూ ఇదే చూస్తుంటాను. అచ్చులో వేల ప్రతులున్న గ్రంథాన్ని పట్టుగుడ్డలో చుట్టి భక్తితో తెస్తారు. ప్రపంచంలో ఒకే ఒక్క ప్రతి ఉన్న కమిటీ మీటింగుల మినిట్స్ పుస్తకాన్ని, చందాల రిజిస్టర్‌ని మాత్రం "అది లెక్కల పుస్తకమేనండీ" అంటూ ఇంట్లోనే వదిలేసి వస్తారు. ఒక కరువు ఏడాదిలో ఎవరు ఎంత ఇచ్చారు, ఆ డబ్బు ఎవరి అన్నానికి ఖర్చయింది, మందిరం పైకప్పు ఎప్పుడు పడింది, ఎవరి పేరు జాబితాలోంచి కొట్టేశారు, ఇవన్నీ ఆ లెక్కల పుస్తకంలోనే ఉంటాయి. విశ్వాసం మనుషుల రోజువారీ బతుకులో ఎలా ఉండేదో చెప్పే సాక్ష్యం అదే. అందుకే గ్రంథం తెచ్చినవారిని నేను ముందు ఆ రిజిస్టర్ గురించే అడుగుతాను.

అపోహ: మత ఆర్కైవ్‌లన్నీ రహస్య గదులు. బయటపడితే మతం పునాదులు కదిలే పత్రాలు అందులో దాస్తారు.

వాటికన్ ఆర్కైవ్ గురించి ఈ మాట ఎక్కువగా వినిపిస్తుంది. పోప్ పదమూడవ లియో దాన్ని 1881లోనే పరిశోధకులకు తెరిచారు. అక్కడి అరల పొడవు దాదాపు 85 కిలోమీటర్లు. అందులో ఎక్కువ భాగం పాలనా వ్యవహారాలే: ఉత్తర ప్రత్యుత్తరాలు, నియామకాలు, కోర్టు వ్యాజ్యాలు, లెక్కలు. పన్నెండవ పయస్ పోప్‌గా ఉన్న కాలం నాటి (1939-58) పత్రాలు 2020 మార్చి 2న పరిశోధకులకు అందుబాటులోకి వచ్చాయి. ఆలస్యమైందన్న విమర్శలో న్యాయం ఉంది. రెండో ప్రపంచ యుద్ధ కాలం గురించి అడగాల్సినవారు ఎంతోమంది అప్పటికే వెళ్లిపోయారు.

అయితే కొంతకాలం మూసి ఉంచాల్సిన పత్రాలు ప్రతి ఆర్కైవ్‌లోనూ ఉంటాయి. విడాకుల గొడవలు, దత్తతలు, మత గురువుతో ఎవరో చెప్పుకున్న సొంత బాధలు బతికున్నవారికి సంబంధించినవైతే వాటికి గడువు పెట్టాలి. ఆ గడువు ఎన్నేళ్లో, ఎందుకో రాసి అందరికీ కనిపించేలా పెట్టాలి. మూసి ఉండటం కంటే, ఎందుకు మూశారో చెప్పకపోవడమే అనుమానాలకు దారి తీస్తుంది.

అపోహ: కట్టలు రాగానే విప్పి, సబ్జెక్టుల వారీగా సర్దేయాలి.

లైబ్రరీలో పుస్తకాలకు అది సరిపోతుంది. రికార్డులకు పనికిరాదు. ఏ కాగితం ఏ కాగితం పక్కన ఉందో అదీ ఒక సమాచారమే. చైనాలోని దున్‌హువాంగ్ గుహల్లో ఒక చిన్న గది 11వ శతాబ్దం మొదట్లో మూసుకుపోయి, 1900లో బయటపడింది. గుహలను చూసుకుంటున్న వాంగ్ యువాన్‌లు అనే సాధువుకు అది కనిపించింది. 868లో అచ్చయిన వజ్రసూత్రంతో పాటు వేల బౌద్ధ ప్రతులు అందులో ఉన్నాయి. 1907లో బ్రిటన్ తరఫున పురావస్తు పరిశోధకుడు ఆరెల్ స్టెయిన్, మరుసటి ఏడాది ఫ్రెంచ్ పండితుడు పాల్ పెలియో వచ్చి తమకు కావలసినవి ఏరుకుని తీసుకెళ్లారు. ఇప్పుడవి లండన్, పారిస్, బీజింగ్ ఇంకా ఎన్నో చోట్ల ఉన్నాయి. లోపల మొదట అవి ఏ వరుసలో పేర్చి ఉన్నాయో పూర్తి రికార్డు లేదు. ఆ గదిని ఎందుకు మూశారన్న దానిపై పండితులు ఇప్పటికీ వాదించుకుంటున్నారు. ఆ వరుస చెదరకుండా ఉండి ఉంటే జవాబు కొంతైనా దొరికేదని నా నమ్మకం. అందుకే కట్ట విప్పేముందు ఫొటో తీస్తాం, వచ్చిన వరుసను రాసుకుంటాం.

అపోహ: స్కాన్ చేసేశాక అసలు ప్రతితో పనిలేదు.

స్కానింగ్‌కు నేను వ్యతిరేకిని కాదు. నాజూకైన పుస్తకాన్ని పదే పదే తిప్పే అవసరం తప్పుతుంది, దూరాన ఉన్నవారికి అందుతుంది. కానీ ఆ రోజు ఏ వెలుతురులో తీశామో ఆ వెలుతురులో కనిపించినదే స్కాన్‌లో ఉంటుంది. ఈజిప్టులోని సినాయ్ ఎడారిలో ఉన్న సెయింట్ కేథరిన్ క్రైస్తవ మఠంలో పాత రాతను చెరిపేసి, అదే తోలు మీద మళ్లీ రాసిన ప్రతులు ఎన్నో ఉన్నాయి. 1892లో ఆగ్నెస్ స్మిత్ లూయిస్ అనే పండితురాలు అలాంటి ఒక ప్రతిలో స్త్రీ సాధువుల చరిత్రల కింద, సిరియాక్ అనే పాత భాషలో ఉన్న చాలా పురాతనమైన సువార్తలను గుర్తించారు. ఈ శతాబ్దంలో రకరకాల తరంగదైర్ఘ్యాల వెలుతురులో ఫొటోలు తీస్తే అదే మఠంలోని మరెన్నో ప్రతుల్లో కంటికి కనిపించని రాతలు బయటపడ్డాయి. మామూలు ఫొటోలు తీసి అసలు ప్రతులను వదిలేసి ఉంటే ఈ పని సాధ్యమయ్యేదే కాదు.

ఇంకో సంగతి. బీరువాలో పెట్టిన పుస్తకం యాభై ఏళ్ల తర్వాత కూడా తెరుచుకోవచ్చు. హార్డ్ డిస్క్ మీద ఆ భరోసా పెట్టుకోలేం. కాపీలు వేర్వేరు చోట్ల ఉంచాలి, ఫైళ్లు పాడయ్యాయేమో అప్పుడప్పుడు సరిచూడాలి, ఫార్మాట్ పాతబడకముందే మార్చాలి. దీనికి ఏటా డబ్బు, మనిషి కావాలి.

అపోహ: చిరిగితే టేప్ వేయాలి, లేదా లామినేట్ చేయాలి.

దయచేసి వద్దు. మృత సముద్రం దగ్గరి గుహల్లో దొరికిన ప్రాచీన యూదు ప్రతుల ముక్కలను 1950లలో పండితులు సెలోటేప్‌తో అతికించారు. అప్పటికి అది మంచి ఉద్దేశంతో చేసిన పనే. ఆ జిగురు తోలులోకి ఇంకి నల్లబడింది. దాన్ని తొలగించే పనికి నిపుణులకు దశాబ్దాలు పట్టింది. లామినేషన్ దీనికంటే అపాయం, ఎందుకంటే వేడితో అతికిన ప్లాస్టిక్ ఊడిరాదు. చిరిగిన కాగితాన్ని శుభ్రమైన, ఆమ్లం లేని కవరులో పెట్టండి, అంతే. తెల్ల గ్లౌజుల సంగతీ అంతే. కాగితానికి కడిగి ఆరబెట్టుకున్న చేతులే మేలు. గ్లౌజు వేస్తే వేళ్లకు స్పర్శ తెలియక అంచులు చిరుగుతాయి. ఫొటోలకు, లోహపు వస్తువులకు మాత్రం గ్లౌజులు కావాలి.

అపోహ: కాగితం ఎంత పాతదైతే అంత బలహీనం.

చాలాసార్లు తలకిందులు. గుడ్డపీలికలతో చేసిన 16వ శతాబ్దపు కాగితం ఇప్పటికీ మెత్తగా వంగుతుంది. 19వ శతాబ్దం రెండో సగంలో చెక్క గుజ్జుతో చవక కాగితం వచ్చాక ఆమ్లం పెరిగి, అది పసుపెక్కి పొడిపొడిగా రాలిపోతోంది. ఇప్పుడు నాకు ఎక్కువ టెన్షన్ పెడుతున్నవి గత శతాబ్దపు మత పత్రికలు, కరపత్రాలు. వాటిని ఎవరూ పాతవి అనుకోరు కనుక ఎవరూ దాచరు.

అపోహ: గట్టి తలుపు వేసి గాలి ఆడకుండా మూసేస్తే భద్రం.

తేమ నిలిచిన చోట బూజు పట్టడానికి రెండు మూడు రోజులు చాలు. దక్షిణ కొరియాలోని హెయిన్సా బౌద్ధ మఠంలో బౌద్ధ గ్రంథాలు ముద్రించడానికి 13వ శతాబ్దంలో చెక్కిన 81 వేలకు పైగా చెక్క అచ్చులున్నాయి. వాటికోసం 15వ శతాబ్దంలో కట్టిన భవనంలో ముందు వెనుక గోడల కిటికీలు వేర్వేరు సైజుల్లో పెట్టి గాలి తిరిగేలా చేశారు. నేలలో బొగ్గు, ఉప్పు, సున్నం, బంకమట్టి కలిపి తేమను అదుపులో ఉంచారు. అచ్చులు ఈనాటికీ అక్కడే ఉన్నాయి.

అపోహ: మతానికి మచ్చ తెచ్చే కాగితాలను తీసేయడం ఆర్కైవ్ బాధ్యత.

ఈ కోరిక పెద్దల నుంచి, ఎంతో మర్యాదగా వస్తుంది. వారి ఆవేదన నాకు అర్థమవుతుంది. కానీ ఒక పేజీ తీసేశామని తెలిసిన రోజున మిగతా పేజీలన్నిటి మీదా నమ్మకం పోతుంది. ఆస్తి తగాదా, గుంపుల చీలిక, అన్యాయంగా వెలివేసిన మనిషి అర్జీ, ఇవన్నీ ఆ సమాజం చరిత్రే. ఆ అర్జీ రాసిన మనిషి తరఫున మాట్లాడటానికి ఇప్పుడు ఆ కాగితం తప్ప ఎవరూ లేరు. కావాలంటే గడువు పెడదాం. చించడానికి మాత్రం నేను ఒప్పుకోను.

అపోహ: మాది చిన్న మందిరం, మా దగ్గర దాచాల్సినవేమీ లేవు.

బీరువా అడుగు అర, పాత ట్రంకు పెట్టె, మాజీ కార్యదర్శి ఇల్లు, ముందు ఈ మూడూ చూడండి. మినిట్స్ పుస్తకాలు, రసీదుల కట్టలు, పెళ్లిళ్ల రిజిస్టర్లు, పండగ కరపత్రాలు, గ్రూప్ ఫొటోలు దొరుకుతాయి. రబ్బరు బ్యాండ్లు, తుప్పు పట్టిన పిన్నులు మెల్లగా తీసేయండి. ఫొటోల వెనక పెన్సిల్‌తో, నొక్కకుండా, ఎవరు, ఎక్కడ, ఏ ఏడాది అన్నది రాయండి. ఆ మొహాలను గుర్తుపట్టే పెద్దవాళ్లు ఉన్నప్పుడే ఈ పని జరగాలి. మందిరానికి సున్నం వేసేముందు పాత సామాను బయట పారేసే రోజు ఒకటి వస్తుంది కదా, దానికి వారం ముందు దగ్గర్లోని ఆర్కైవ్‌కి ఒక్క ఫోన్ చేయండి.