పన్నెండు గీతల దగ్గర మొదలైన తగాదా

ఎండలు ముదిరితే చాలు, విద్యుత్ కార్ల బ్యాటరీకి లిక్విడ్ కూలింగ్ (లోపల ద్రవాన్ని తిప్పి చల్లబరచడం) కావాలా, గాలి సరిపోతుందా అన్న వాదన మళ్ళీ రాజుకుంటుంది. ఖర్చు, బరువు, లీకేజీ భయం అని ఒక పక్షం. వేడికి తరిగే బ్యాటరీ ఆయుష్షు మాటేమిటని రెండో పక్షం. లిథియం అయాన్ సెల్ పుట్టుక నుంచి చెప్పుకురానక్కర్లేదు. ఈ తగాదా అంతు తెలియాలంటే 2012 వేసవిలో అమెరికాలో ఎండలు మండే అరిజోనా రాష్ట్రాన్ని చూస్తే చాలు.

జపాన్ కంపెనీ నిస్సాన్ చేసిన విద్యుత్ కారు లీఫ్ రోడ్డెక్కి అప్పటికి రెండేళ్ళు కూడా నిండలేదు. 24 కిలోవాట్ అవర్ల దాని బ్యాటరీ ప్యాక్ మూసేసిన పెట్టె. లోపల కూలెంట్ (చల్లబరిచే ద్రవం) లేదు, ఫ్యానూ లేదు. సెల్‌లలో పుట్టిన వేడి పెట్టె గోడల గుండా తనంతట తాను బయటికి పోవాల్సిందే. డ్యాష్‌బోర్డు మీద బ్యాటరీ సామర్థ్యం చూపే సన్నటి గీతలు 12. అరిజోనాలోని ఫీనిక్స్ నగర పరిసరాల యజమానులకు వాటిలో పై గీత మాయమవడం మొదలైంది. ఒక్క గీతే కదా అనుకోవడానికి లేదు. మొదటిది పోయిందంటే సామర్థ్యంలో సుమారు 15 శాతం పోయినట్టు, ఆ తర్వాత గీతకు 6 శాతం పైచిలుకు.

కొన్ని కార్లను తెప్పించి పరీక్షించిన కంపెనీ, బ్యాటరీల్లో లోపం లేదు, వాడకాన్ని బట్టి తరుగుతున్నాయంది. మరి ఫిర్యాదులు ఎక్కువగా వేడి ప్రాంతాల నుంచే ఎందుకొస్తున్నాయన్నది యజమానుల ప్రశ్న. నా దృష్టిలో దానికి సరైన జవాబు రాలేదు. జవాబుకు బదులు వారంటీ వచ్చింది. 5 ఏళ్ళు లేదా 60,000 మైళ్ళలోపు 9 గీతల కంటే తగ్గితే బాగుచేసిస్తామని కంపెనీ ఒప్పుకుంది.

2010 చివర్లో దాదాపు లీఫ్‌తో పాటే వచ్చిన జనరల్ మోటార్స్ వారి కారు షెవర్లే వోల్ట్ ఎదురు దారి పట్టింది. 288 సెల్‌ల మధ్య మిల్లీమీటరు మందం అల్యూమినియం రేకులు, వాటి సన్నటి కాలువల్లో కూలెంట్‌గా నీళ్ళు కలిపిన గ్లైకాల్ అనే ద్రవం. లీకేజీ గురించి భయపెట్టేవాళ్ళు ఎత్తేది ఈ కారునే. 2011లో పక్కనుంచి స్తంభానికి గుద్దించే పరీక్ష అయిన 3 వారాలకు, ఆపి ఉంచిన వోల్ట్ అంటుకుంది. ప్యాక్ దెబ్బతిని కూలెంట్ కారింది, షార్ట్ సర్క్యూట్ అయింది. కంపెనీ ప్యాక్ చుట్టూ ఉక్కుతో బలం పెంచింది, కూలెంట్ ట్యాంకులో సెన్సార్ పెట్టింది. కూలెంట్‌ను మాత్రం తీసేయలేదు.

గాలి చాలదని 2018లో ఇంకో రకంగా తేలింది. కరెంటు రెట్టింపైతే సెల్‌లో వేడి నాలుగింతలవుతుంది. కొత్త 40 కిలోవాట్ అవర్ల లీఫ్‌తో దూర ప్రయాణం చేసినవాళ్ళకు రెండో, మూడో ఫాస్ట్ చార్జింగ్ నత్తనడక నడిచింది. వేడి దిగే దారి లేక కారే తన చార్జింగ్ తగ్గించుకుంది.

అవతలి పక్షం చెప్పేదాంట్లో ఒకటి నిజం. కూలెంట్ వేడిని బయటి గాలికి వదిలే రేడియేటర్ ఒక్కటే ఉంటే కూలెంట్ బయటి గాలికంటే చల్లబడదు. కారు ఏసీలోని చల్లబరిచే వాయువు (రిఫ్రిజెరెంట్)తో కూలెంట్‌ను ఇంకా చల్లబరిచే చిల్లర్ ఉండాలి, ఎండలో కారు ఆపి ఉన్నప్పుడూ అది నడవాలి. ఆపి ఉన్న కారులోనూ వేడికి బ్యాటరీ అరుగుతూనే ఉంటుంది. కొనేవాళ్ళు అడగాల్సింది చిల్లర్ ఉందా, కారు ఆపినప్పుడూ నడుస్తుందా అని, బ్రోచర్‌లో లిక్విడ్ అన్న మాట ఉందా లేదా అని కాదు.

2025లో బయటపెట్టిన మూడో తరం లీఫ్‌లో నిస్సాన్ లిక్విడ్ కూలింగ్ పెట్టింది.