చర్చి పెట్టిన చిన్న కాలేజీలు: అపోహలు - వాస్తవాలు

అమెరికాలో చర్చివాళ్ళు స్థాపించిన ఓ చిన్న లిబరల్ ఆర్ట్స్ కాలేజీలో ఆర్కైవ్స్ చూసుకుంటాను. పాత మినిట్స్ పుస్తకాలు, జమాఖర్చుల చిట్టాలు, ఉత్తరాలు, ఫోటోలు, వీటి మధ్యే నా రోజంతా గడుస్తుంది. పిల్లల్ని చేర్పించడానికి వచ్చే తల్లిదండ్రులు, వ్యాసం రాసుకోవాలని వచ్చే విద్యార్థులు, ఒక్కోసారి ప్రొఫెసర్లు కూడా ఈ కాలేజీల చరిత్ర గురించి అవే నాలుగైదు మాటలు చెప్తుంటారు. వాటిలో చాలామటుకు శతజయంతి సంచికల్లోంచి వచ్చినవే. ఆ సంచికలు రాసినవాళ్ళకి కాలేజీ మీద ప్రేమ ఉంది, కాదనను, కానీ చిట్టాలు తెరిచి చూసినవాళ్ళు తక్కువ.

అపోహ: చర్చి పెట్టింది కాబట్టి ఖర్చంతా చర్చే భరించింది.

అన్నిటికంటే పెద్ద అపోహ ఇదే. చర్చి నుంచి వచ్చింది ఎక్కువగా పేరు, మనుషులు, నమ్మకం. డబ్బు కోసం మాత్రం ఊరూరా తిరగాల్సి వచ్చింది. ఒహాయోలో 1824లో మొదలైన కెన్యన్ కాలేజీనే తీసుకోండి, దాన్ని పెట్టిన ఎపిస్కోపల్ బిషప్ ఫిలాండర్ చేజ్ సొంత చర్చిలోని పెద్దలు కొందరు వద్దంటున్నా వినకుండా ఇంగ్లండ్ దాకా వెళ్ళి చందాలు పోగుచేసుకొచ్చాడు. దాతల్లో లార్డ్ కెన్యన్ పేరు కాలేజీకి, లార్డ్ గాంబియర్ పేరు ఊరికి పెట్టారు. ఇల్లినాయ్‌లో నాక్స్ కాలేజీ సంగతి ఇంకోలా ఉంటుంది. అక్కడ ప్రెస్బిటేరియన్ పాస్టర్ జార్జ్ వాషింగ్టన్ గేల్, ఆయన వెంట వచ్చిన కుటుంబాలు కలిసి, ప్రభుత్వం ఎకరా 1.25 డాలర్లకు అమ్ముతున్న భూమి కొని, దాన్ని ఎక్కువ ధరకు అమ్మి ఆ మిగులుతో కాలేజీ నడపాలని పథకం వేసుకున్నారు. ఊరూ కాలేజీ ఒకే కాగితం మీద పుట్టాయి. ఆ ఊరే గేల్స్‌బర్గ్. మిన్నెసోటాలో కాంగ్రిగేషనల్ చర్చివాళ్ళు పెట్టిన నార్త్‌ఫీల్డ్ కాలేజీకి 1871లో విలియం కార్ల్‌టన్ అనే దాత 50 వేల డాలర్లు ఇస్తే, కాలేజీ పేరే కార్ల్‌టన్ అయిపోయింది.

ఇవి గెలిచిన కథలు. దెబ్బతిన్నవీ చాలా ఉన్నాయి. శాశ్వత స్కాలర్‌షిప్పులని అమ్మేవాళ్ళు, ఒకసారి డబ్బు కడితే ఆ కుటుంబం నుంచి తరతరాలుగా ఒకరు ఫీజు లేకుండా చదువుకోవచ్చు. వచ్చిన డబ్బు భవనాలకీ అప్పులకీ అయిపోయేది, ఆ తర్వాత గదుల నిండా ఫీజు కట్టనక్కర్లేని విద్యార్థులే.

మా దగ్గర 1850ల నాటి కోశాధికారి చిట్టా ఒకటుంది. తోలు అట్ట పొడిపొడిగా రాలుతుంది, ముట్టుకుంటే వేళ్ళకి ఇటుకరంగు అంటుకుంటుంది. (తెల్ల గ్లవ్స్ వేసుకోరా అని అందరూ అడుగుతారు. పాత కాగితానికి గ్లవ్స్ వద్దు, కడిగి తుడుచుకున్న చేతులే మేలు. గుడ్డ గ్లవ్స్‌తో పేజీ అంచు ఎక్కడుందో తెలియదు, చిరుగుతుంది. ఫోటోలకైతే వేసుకోవాలి.) ఎడమ పేజీలో ఒక కుర్రాడి పేరు, దాని కింద ఫీజు, గది అద్దె. కుడి పేజీలో జమ: కట్టెలు, గోధుమలు, ఒక దూడ. నాలుగు పేజీలు తిప్పితే లాటిన్ ప్రొఫెసర్ జీతం ఖాతా వస్తుంది, అందులో ఆయనకి చెల్లించినదాంట్లో అవే కట్టెలు కనిపిస్తాయి. రైతు కొట్టిన కట్టెలు కొడుకు ఫీజు అయ్యాయి, అవే ప్రొఫెసర్ జీతం అయ్యాయి. మొదటిసారి ఆ రెండు పేజీలూ కలిపి చూసినప్పుడు ఆ రోజు వేరే పని చేయలేకపోయాను.

అందుకే కోశాధికారులంటే నాకు ప్రత్యేకమైన గౌరవం. 1876 సెప్టెంబరు 7న జేమ్స్-యంగర్ ముఠా నార్త్‌ఫీల్డ్ బ్యాంకు మీద పడ్డప్పుడు, ఖజానా తెరవనని ప్రాణం పోగొట్టుకున్న జోసెఫ్ లీ హేవుడ్ కార్ల్‌టన్ కాలేజీ కోశాధికారి కూడా.

అపోహ: స్థాపించిన సంవత్సరం అంటే ఆ ఏడాది క్లాసులు మొదలయ్యాయని.

కాదు. తీర్మానం చేసింది ఒక ఏడు, చార్టర్ (కాలేజీకి ప్రభుత్వమిచ్చే అనుమతి పత్రం) వచ్చింది ఇంకో ఏడు, పాఠం చెప్పింది మరో ఏడు. కాలేజీ తనకి నచ్చింది వేసుకుంటుంది, సాధారణంగా అన్నిటికంటే పాతది. అయోవా రాష్ట్రంలోని గ్రిన్నెల్ కాలేజీ 1846 అంటుంది, కానీ అప్పుడది డావెన్‌పోర్ట్‌లో అయోవా కాలేజీ, గ్రిన్నెల్ ఊరికి వచ్చింది 1850ల చివర్లో. కార్ల్‌టన్ 1866 అంటుంది, మొదటి డిగ్రీలు ఇచ్చింది 1874లో. ఇద్దరికే ఇచ్చింది, జేమ్స్ డౌ, మైరా బ్రౌన్. ఆ ఇద్దరూ తర్వాత పెళ్ళి చేసుకున్నారు.

అపోహ: పాస్టర్లని తయారుచేయడానికే పెట్టారు, వేరే క్రైస్తవ శాఖలవాళ్ళని చేర్చుకోలేదు.

పాస్టర్లు కావాలన్నది నిజమే. కానీ చదువు చూస్తే గ్రీకు, లాటిన్, గణితం, చివరి ఏడాది ప్రెసిడెంటే చెప్పే నీతిశాస్త్రం. లాయరయ్యేవాడూ టీచరయ్యేవాడూ అదే చదివాడు. బాప్టిస్టులు పెట్టిన ఈనాటి బ్రౌన్ యూనివర్సిటీ 1764 చార్టర్‌లోనే మత పరీక్షలు ఎప్పటికీ ఉండకూడదని రాసుకున్నారు. పైగా చిన్న ఊరు, ఫీజు కట్టే ప్రతి కుర్రాడూ కావాలి. చాపెల్‌కి (కాలేజీ ప్రార్థనకి) మాత్రం అందరూ రావాల్సిందే, రాకపోతే పేరు రాసుకునేవాళ్ళు.

అపోహ: భక్తి తగ్గి చర్చితో తెగతెంపులు చేసుకున్నారు.

కొన్నిచోట్ల భక్తి కాదు, పెన్షన్. 1905లో ఆండ్రూ కార్నెగీ ప్రొఫెసర్ల పెన్షన్ల కోసం కోటి డాలర్లు ఇస్తూ, ఏదో ఒక మతశాఖ అదుపులో ఉన్న కాలేజీలకి అది వర్తించదన్నాడు. రిటైరయ్యాక గతేమిటన్న టెన్షన్‌తో బతికే ప్రొఫెసర్లున్న కాలేజీల్లో అది ఎంత పెద్ద మాటో ఊహించండి. కొన్ని బోర్డులు చార్టర్లు మార్చుకున్నాయి, కొన్ని ససేమిరా అన్నాయి. ఆ నిధి కూడా అందరికీ సరిపోదని తేలి, 1918లో జీతంలోంచి వాటా కట్టే పద్ధతి వచ్చింది.

అపోహ: ఓబర్లిన్ లాంటివి మొదట్నుంచీ అందరినీ సమానంగా చూశాయి.

దీన్ని అపోహ అనడానికి మనసొప్పదు, ఎందుకంటే సగం నిజం. ఒహాయోలో 1833లో మొదలైన ఓబర్లిన్ కాలేజీ, 1835లో నల్లజాతి విద్యార్థులని చేర్చుకోవాలా అని ఓటు పెడితే ట్రస్టీలు సరిగ్గా సగానికి చీలిపోయారు. అధ్యక్ష స్థానంలో ఉన్న జాన్ కీప్ ఓటుతో అది గట్టెక్కింది. అదే సమయంలో కాలేజీ చేతిలో డబ్బు లేదు, బానిసత్వాన్ని వ్యతిరేకించే న్యూయార్క్ వ్యాపారి ఆర్థర్ టాపన్ సాయం చేస్తానన్నది ఈ నిర్ణయం మీదే ఆధారపడి ఉంది. ఆదర్శం, అవసరం రెండూ ఒకే గదిలో కూర్చున్నాయి. దాంతో ఆదర్శం అబద్ధమైపోదు. నాకైతే ఆ గదిలో కూర్చున్న మనుషులు ఇంకా దగ్గరగా అనిపిస్తారు.

1837లో నలుగురు ఆడపిల్లలు డిగ్రీ చదువులో చేరారు, 1841లో ముగ్గురు పట్టా పుచ్చుకున్నారు. అదే కాలేజీలో మగ విద్యార్థుల బట్టలు ఉతకడం, చిరిగినవి కుట్టడం ఆడపిల్లల పని. 1847లో లూసీ స్టోన్ అనే విద్యార్థినిని పట్టాల పండుగకి వ్యాసం రాయమన్నారు, చదివేది మాత్రం మగాడు. ఆమె రాయనంది. ఆమె స్నేహితురాలు ఆంట్వనెట్ బ్రౌన్ 1850లో మతశాస్త్రం చదువు పూర్తిచేసింది, పట్టా ఇవ్వలేదు. పాస్టరైంది, పెళ్ళి చేసుకుంది, పిల్లల్ని పెంచింది, పుస్తకాలు రాసింది. 1908లో ఓబర్లిన్ ఆమెకి గౌరవ డాక్టరేట్ ఇచ్చింది. అప్పటికామెకి 83 ఏళ్ళు.