మారిషస్ బడిలో అందరూ విడిపోయే పీరియడ్

మారిషస్‌లో సర్కారు ప్రాథమిక పాఠశాల టైంటేబుల్లో ఒక పీరియడ్ ఉంటుంది. అప్పటిదాకా ఒకే బెంచీ మీద కూర్చున్న పిల్లలు ఆ గంట కొట్టగానే సంచులు సర్దుకుని లేస్తారు. హిందీ వాళ్లు ఒక గదికి, ఉర్దూ వాళ్లు ఇంకో గదికి, తమిళం, తెలుగు, మరాఠీ వాళ్లు తలో వైపుకి. చాలా ఏళ్లపాటు ఆ గంటలో కదలకుండా కూర్చున్నవాళ్లు క్రియోల్ కుటుంబాల పిల్లలు. ఆఫ్రికా నుంచి, మడగాస్కర్ నుంచి బానిసలుగా తెచ్చినవాళ్ల సంతతి. వాళ్లకి నీతిపాఠాలో, చర్చి తరఫున మతబోధో చెప్పేవారు.

ఇందులో చిత్రం ఏమిటంటే, ఈ పిల్లలంతా వరండాలో అరుచుకునేది, ఆడుకునేది, పోట్లాడుకునేది ఒకే భాషలో. అది ఫ్రెంచి నుంచి పుట్టిన క్రియోల్ భాష. 2011 జనాభా లెక్కల నాటికే నూటికి ఎనభై మందికి పైగా ఇళ్లలో మాట్లాడేది అదే. పాఠ్యపుస్తకం ఇంగ్లీషులో ఉంటుంది, దినపత్రిక ఫ్రెంచిలో వస్తుంది, లెక్క అర్థం కాకపోతే టీచరు విడమరిచి చెప్పేది క్రియోల్‌లో. ఆ భాష ఒక సబ్జెక్టుగా బడిలో అడుగుపెట్టింది మాత్రం 2012లో. అందరికంటే చివర.

ఎందుకిలా అయిందో తెలియాలంటే 1810 దాకా వెళ్లాలి. ఆ ఏడాది డిసెంబరులో ఇంగ్లీషువాళ్లు ఫ్రెంచివాళ్ల నుంచి దీవిని గెలుచుకున్నారు. లొంగుబాటు ఒప్పందంలో మాత్రం అక్కడి జనం చట్టాలు, మతం, ఆచారాలు వాళ్లకే ఉంటాయని రాసిచ్చారు. ఫ్రెంచి దొరలు చెరకు తోటలతో సహా అక్కడే ఉండిపోయారు. ఆఫీసుకి ఇంగ్లీషు, పరువుకి ఫ్రెంచి అనే లెక్క అలా మొదలై ఇప్పటికీ నడుస్తోంది. దేశ రాజ్యాంగం కూడా చట్టసభ భాష ఇంగ్లీషు అంటూనే, సభ్యులు ఫ్రెంచిలోనూ మాట్లాడవచ్చంటుంది.

1835 ఫిబ్రవరి 1న బానిసత్వం రద్దయింది. దానికి మూడు నెలల ముందే, 1834 నవంబరు 2న, అట్లాస్ అనే ఓడలో 36 మంది ఒప్పంద కూలీలు ఇండియా నుంచి పోర్ట్ లూయీలో దిగారు. తర్వాతి దశాబ్దాల్లో దాదాపు అయిదు లక్షల మంది వచ్చారు. ఎక్కువమంది బీహార్, భోజ్‌పురి ప్రాంతాలవాళ్లు. మనవాళ్లూ తక్కువేం కాదు. కోరంగి రేవులో ఓడెక్కి వచ్చినవాళ్లు కాబట్టి అక్కడ తెలుగువాళ్లకి కోరంగీలు అనే పేరు పడింది.

ఈ కూలీల పిల్లలకి చదువు చెప్పాలని తోటల యజమానులకి పెద్దగా పట్టలేదు. చదువుకున్నవాడు చెరకు నరకడు కదా. 1901లో దక్షిణాఫ్రికా నుంచి ఇంటికి వస్తూ దారిలో మారిషస్‌లో కొన్నాళ్లు ఆగిన గాంధీ అక్కడివాళ్లకి చెప్పింది ముఖ్యంగా రెండు మాటలు: పిల్లల్ని చదివించండి, రాజకీయాలు పట్టించుకోండి. బడి లేనిచోట ఊరివాళ్లే 'బైఠ్కా' పెట్టుకున్నారు. పగలంతా చెరకు తోటలో పనిచేసి, సాయంత్రం గుడిసెలో చేరి అక్షరాలు దిద్దడం, రామాయణం చదవడం.

ఈ కథలో నాకు అన్నిటికంటే ముఖ్యం అనిపించేది ఆ బైఠ్కాలే. 1947 నాటి కొత్త రాజ్యాంగం ప్రకారం దీవిలో వాడుకలో ఉన్న ఏ భాషలోనైనా చిన్న వాక్యాలు చదవడం, రాయడం వస్తే ఓటు హక్కు. హిందీ, తమిళం లాంటి మన భాషలూ చెల్లుతాయి. అప్పటిదాకా ఓటంటే ఆస్తిపరుల వ్యవహారం. సంఘ సంస్కర్త బాసుదేవ్ విష్ణుదయాళ్, ఆయన అనుచరులు ఊరూరా తిరిగి కూలీలకి అక్షరాలు, సంతకం నేర్పించారు. చెరకు కత్తి పట్టి కాయలు కాసిన చెయ్యి పలక పట్టుకుని తన పేరు తను రాసుకుంది. 1948 ఎన్నికల నాటికి ఓటర్లు సుమారు 12 వేల నుంచి 70 వేలు దాటారు. చట్టసభలో తోటల దొరల పట్టు సడలింది.

అంటే తాతల భాష ఆ దీవిలో మొదట పనికొచ్చింది ఓటుకి. పాటకో పద్యానికో కాదు. తర్వాత జరిగిన గొడవలన్నీ ఈ ఒక్క సంగతి గుర్తుంచుకుని చూడాలి. భాష అంటే అక్కడ తలల లెక్క.

1968 మార్చి 12న స్వాతంత్ర్యం వచ్చినప్పుడు ఆ లెక్కని రాజ్యాంగంలోనే పెట్టారు. హిందువులు, ముస్లింలు, చైనా సంతతివారు అని మూడు వర్గాలు. ఆ మూడింట్లో దేనికీ చెందరనిపించే మిగతావాళ్లందరూ కలిపి 'జనరల్ పాపులేషన్'. ఎన్నికల్లో ఏ వర్గానికైనా సీట్లు తగ్గితే సర్దడానికి ఎనిమిది అదనపు సీట్లున్నాయి. తెల్లదొర మనవడూ, బానిస మునిమనవడూ ఒకే 'మిగతా' గడిలో పడ్డారు. తెలుగువాళ్లు రాజ్యాంగం లెక్కలో హిందువులే. వీధిలో మాత్రం హిందువంటే హిందీ, భోజ్‌పురి వాడు, తెలుగువాడు తెలుగువాడే.

చదువు అందరికీ అందలేదన్న కోపం 1975 మే 20న బయటపడింది. ఆ రోజు వేలమంది విద్యార్థులు రాజధాని వైపు ఊరేగింపుగా బయల్దేరితే పోలీసులు దారిలో అడ్డుకున్నారు. సర్కారు కాలేజీ పిల్లలకి ఒక చదువు, ఫీజు కట్టే ప్రైవేటు కాలేజీ పిల్లలకి మరో నాసిరకం చదువా అని వాళ్లు అడిగారు. (అక్కడ కాలేజీ అంటే మన హైస్కూలే.) ఆ ఏడాదే ఓటు వయసు 21 నుంచి 18కి తగ్గింది. మరుసటి ఏడాది ఎన్నికల ముందు ప్రధాని శివసాగర్ రామ్‌గులామ్ సెకండరీ చదువు ఉచితం అని ప్రకటించారు. 1977 జనవరి నుంచి అమలైంది.

చదువు ఉచితమైంది సరే, మంచి కాలేజీల్లో సీట్లు మాత్రం పెరగలేదు. కాబట్టి ర్యాంకు. ఆరో తరగతి చివర, పదకొండేళ్ల పిల్లలకి సీపీఈ అనే పరీక్ష. పై ర్యాంకులకి క్యూర్‌పీప్‌లోని రాయల్ కాలేజీ, రోజ్ హిల్‌లోని క్వీన్ ఎలిజబెత్ కాలేజీ లాంటి 'స్టార్ కాలేజీలు'. మిగతావాళ్లకి ఏది దొరికితే అది. సాయంత్రం ట్యూషన్‌ని అక్కడ 'లెసోన్' అంటారు. ఎంసెట్ రోజులు చూసిన మనవాళ్లకి ఆ ఇళ్లలో టెన్షన్ ఎలా ఉండేదో వేరే చెప్పక్కర్లేదు. కాకపోతే ఇక్కడ పదిహేడేళ్లకి వచ్చేది అక్కడ పదకొండుకే వచ్చేది. ఏటా దాదాపు మూడోవంతు పిల్లలు ఆ పరీక్ష దగ్గరే తప్పేవారు.

ఆ ర్యాంకులో తాతల భాష మార్కులు కలపాలా వద్దా? ప్రభుత్వాన్ని కూల్చింది ఈ ప్రశ్నే. అంతకుముందు ఇంగ్లీషు, ఫ్రెంచి, లెక్కలు, పర్యావరణం మార్కులే ర్యాంకుకి చూసేవారు. మా పిల్లలు అదనంగా ఒక భాష కష్టపడి చదువుతుంటే దానికి విలువ లేదా అని భారతీయ కుటుంబాల ప్రశ్న. మా పిల్లలకి ఆ గంటలో భాషే నేర్పనప్పుడు ఆ మార్కులు మాకెక్కడివి అని క్రియోల్ తల్లిదండ్రుల ప్రశ్న. నిజం చెప్పాలంటే రెండూ న్యాయమైనవే. 1995లో ప్రధాని అనిరుద్ధ్ జగన్నాథ్ ప్రభుత్వం ఆ మార్కులు కలుపుతూ నిబంధనలు తెచ్చింది, సుప్రీంకోర్టు కొట్టేసింది. రాజ్యాంగాన్నే సవరించబోతే సభలో కావలసిన మెజారిటీ రాలేదు. సభ రద్దయింది. డిసెంబరు ఎన్నికల్లో ప్రధాన ద్వీపంలోని 60 సీట్లకి 60 ప్రతిపక్షం ఊడ్చుకుపోయింది. 1998లో మారిషస్ కేసులకి ఆఖరి అప్పీలు కోర్టయిన లండన్‌లోని ప్రీవీ కౌన్సిల్ సుప్రీంకోర్టు తీర్పుని తిరగరాసేటప్పటికి అక్కడ ప్రభుత్వమే వేరు.

అదే 1998లో కొత్త కరెన్సీ నోట్ల మీద తమిళం కంటే ముందు హిందీ అచ్చయిందని తమిళులు వీధికెక్కారు. నోట్లు వెనక్కి తీసుకోవలసి వచ్చింది. వరసలో ఎవరు ముందు అన్నది అక్కడ అంత పెద్ద విషయం.

1999 ఫిబ్రవరిలో కాయా అనే క్రియోల్ గాయకుడు పోలీసు కస్టడీలో చనిపోయాడు. రోజుల తరబడి అల్లర్లు. చెరకు కూలీల మనవలు బడి ద్వారా గుమాస్తాలు, టీచర్లు, డాక్టర్లు అయిన దేశంలో బానిసల మనవలు ఎందుకు మెట్టు కిందే ఉండిపోయారన్న మాట అప్పుడు గట్టిగా వినబడింది. వెనకబడ్డ బడులకి ప్రత్యేక సాయం వచ్చింది. 2011లో క్రియోల్‌కి అధికారిక వర్ణక్రమం, 2012లో ఒకటో తరగతిలో సబ్జెక్టు. 2017లో సీపీఈ పోయి వేరే మదింపు వచ్చింది.

అయితే క్రియోల్‌ని పెట్టిన చోటు చూడండి. అందరి భాష కదా అని అందరికీ పెట్టలేదు. హిందీ, తమిళం, తెలుగు పక్కన, అదే ఐచ్ఛిక పీరియడ్‌లో పెట్టారు. ఒకటి తీసుకుంటే మరొకటి వదులుకోవాలి. ఏ ఒక్క వర్గానిదీ కాని భాష కాగితం మీద ఒక వర్గం భాషగా మారింది.

మారిషస్‌లో ఉగాదికి ప్రభుత్వ సెలవు. 1990లో అక్కడ ప్రపంచ తెలుగు మహాసభలు జరిగాయి. అవి చెప్పుకుని మనం ఇక్కడ మురిసిపోతుంటాం, తప్పులేదు. అక్కడ తెలుగు ఇంట్లో మాట్లాడేవాళ్లు మాత్రం చాలా కొద్దిమంది. అది ప్రధానంగా బడి భాష, గుడి భాష. మునిమనవరాలిని ఒకటో తరగతిలో చేర్చేటప్పుడు కోరంగి కుటుంబం ఫారంలో ఏ భాషకి టిక్కు పెట్టాలో తేల్చుకోవాలి. ఇంట్లో ఆ చర్చ జరిగేది క్రియోల్‌లో.