నీడలు ఎక్కడికి పోయాయి?

చిట్టితల్లికీ అన్నయ్యలిద్దరికీ ఆశీస్సులు.

టీవీ కామెడీల్లో మనుషుల మొహాల మీద నీడలు పడవేం తాతయ్యా అని అడిగావు. మేమంతా ఏళ్ల తరబడి చూస్తూ కూడా పట్టించుకోని సంగతి అది. అందుకు కార్ల్ ఫ్రాయిండ్ అనే కెమెరామన్ గురించి చెప్పాలి.

మీరు ముగ్గురూ ఒకే బల్ల చుట్టూ కూర్చుని రాసుకుంటున్నారనుకోండి. దీపం ఒక్కటే. నీ ఎడమ పక్కన పెడితే నీకు హాయి. ఎదురుగా ఉన్న అన్నయ్యకు మాత్రం తన చేతి నీడ తన పుస్తకం మీదే పడుతుంది. వాడి కోసం జరిపితే నీ పేజీ చీకటి. చిన్నప్పుడు మా అన్నదమ్ములకు రోజూ ఇదే గొడవ. లాంతరు ఎటు జరిపినా ఎవరో ఒకరు ఏడవాల్సిందే. చివరికి మా నాన్నగారు దాన్ని దూలానికి వేలాడదీశారు. వెలుగు కాస్త తగ్గింది కానీ ముగ్గురికీ సమానంగా వచ్చింది.

సినిమాలో మామూలుగా ఒక షాట్ తీసి, ఆగి, లైట్లు మార్చుకుని ఇంకోటి తీస్తారు. బల్ల దగ్గర ఒక్కరే కూర్చున్నట్టన్నమాట. 1951లో 'ఐ లవ్ లూసీ' అనే అమెరికా టీవీ కామెడీ మొదలైనప్పుడు అలా కుదరలేదు. హాలీవుడ్‌లో జనాన్ని ఎదురుగా కూర్చోబెట్టి నాటకంలా ఆడేవాళ్లు. మూడు కెమెరాలు ఒకేసారి ఫిల్ము మీద తీసేవి. మధ్యది సెట్టంతా చూస్తే, పక్క రెండూ మొహాలను దగ్గరగా పట్టేవి. మీ ముగ్గురిలాగే! లైట్ల కోసం మాటిమాటికీ ఆపితే జనం నవ్వు చల్లారిపోతుంది కదా.

అందుకే ఆ కామెడీకి కెమెరామన్‌గా ఉన్న ఫ్రాయిండ్ లైట్లను పైన కట్టించాడు. నేల మీద స్టాండ్లు అడ్డం లేక, కెమెరాలు చక్రాల మీద తిరిగేవి. పైనుంచి పడే వెలుగుకు కళ్ల కింద నీడలొస్తాయి. వాటిని పోగొట్టడానికి ఒక్కో కెమెరాకు, లెన్సు పైన, చిన్న లైటు పెట్టించాడు. మా దూలం లాంతరుకు ఆ సదుపాయం లేదు. అప్పటి టీవీలో నలుపు తెలుపుల తేడా మరీ కొట్టొచ్చినట్టు కనిపించేది కాబట్టి, సెట్లకు బూడిద రంగులోనే రకరకాల ఛాయలు వేయించాడు.

ఆయన సామాన్యుడు కాదమ్మా. 1890లో బొహీమియాలో, అంటే ఇప్పటి చెక్ దేశంలో, పుట్టాడు. 15 ఏళ్లకే బెర్లిన్‌లో సినిమా ప్రొజెక్టర్ దగ్గర పనికి చేరాడు. 'మెట్రోపాలిస్' సినిమా, 1931 నాటి దెయ్యం సినిమా 'డ్రాక్యులా' తీసిన కెమెరా ఆయనదే. 'ద గుడ్ ఎర్త్' సినిమాకు ఆయనకు ఆస్కార్ వచ్చింది. వెలుగును కొలిచే మీటర్ల కోసం 1940ల్లో సొంతంగా కంపెనీ పెట్టాడు. నీడలతో జనాన్ని భయపెట్టడం తెలిసిన మనిషి, 61 ఏళ్ల వయసులో నవ్వు కోసం ఆ నీడలనే పక్కన పెట్టాడు. వచ్చిన విద్యంతా చూపించేయాలని అందరికీ ఉంటుంది. ఎదుటివాళ్లకు ఎంత కావాలో అంతే చూపించడం మీరూ అలవాటు చేసుకోండి.

ఇంత సమంగా వెలుగు పరిచినా నటి మొహం సజీవంగా ఎలా ఉంటుందో చూసిన కొద్దీ ఆశ్చర్యమే. ఈసారి కామెడీ వచ్చినప్పుడు సౌండు పూర్తిగా తగ్గించి, గడ్డం కింద, వెనక గోడ మీద చూడండి. తర్వాత ఏదైనా పాత దెయ్యం సినిమా కూడా అలాగే చూడండి. ఏం తేడా కనిపించిందో ముగ్గురూ విడివిడిగా నాకు రాయండి.

మీ తాతయ్య