ప్రొడక్షన్ డిజైనర్ పని: అపోహలు - వాస్తవాలు

పద్నాలుగేళ్లుగా సినిమాలకీ సీరియళ్లకీ ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో పనిచేస్తున్నాను. అందులో మొదటి ఆరేళ్లు అసిస్టెంట్‌గానే. ఈ లైన్లోకి రావాలనుకునే పిల్లలు నన్ను అడిగేవన్నీ దాదాపు ఇవే.

అపోహ: పెద్ద సెట్లే కష్టం. మామూలు ఇల్లయితే ఏముంది?

నాకు నిద్ర పట్టనివ్వనిది మామూలు ఇల్లే. రాజదర్బారు ఎలా ఉండేదో ప్రేక్షకులు చూడలేదు. వంటిల్లు రోజూ చూస్తారు. పోపుల డబ్బా స్టవ్‌కి దూరంగా ఉంటే ఇట్టే పట్టేస్తారు.

ఒకసారి రిటైరైన పోస్ట్‌మాస్టర్ ఇల్లు వేశాం. రంగులు పూర్తయ్యేసరికి పెళ్లివారిల్లులా ఉంది! అసలు పని అక్కణ్నుంచి మొదలైంది. ఆ పెద్దాయన రోజూ మంచం మీద కూర్చుని గోడకి తల ఆనిస్తాడు. అంటే అక్కడ తలనూనె మరక ఉండాలి. ఎంత ఎత్తులో? ఆ నటుడంత పొడుగున్న మేస్త్రీని కూర్చోబెట్టి సుద్దముక్కతో గుర్తు పెట్టుకున్నాం. వార్నిష్‌లో కాస్త గోధుమరంగు కలిపి గుడ్డతో అద్దాం. స్విచ్ బోర్డు చుట్టూ వేళ్ల మురికి, గుమ్మానికి పైన ఎండిపోయిన మామిడాకుల తోరణం. కథలో ఆయన, చనిపోయిన భార్య ఫోటోని హాల్లోంచి తీసేసి తన గదిలో పెట్టుకుంటాడు. అందుకని హాల్లో ఫోటో పట్టేంత మేర గోడని తెల్లగా వదిలేసి, చుట్టూ మాసినట్టు చేశాం. షూటింగ్ రోజు ఆ నటుడు దాని ముందు కాసేపు నిలబడ్డారు. టేక్‌లో ఆ తెల్లటి చోటుని చేత్తో తడిమారు. అది స్క్రిప్టులో లేదు. నా పనికి అంతకన్నా పెద్ద బహుమానం నాకింకా రాలేదు.

అపోహ: ఆర్ట్ డైరెక్టర్‌నే ఇప్పుడు స్టైల్‌గా ప్రొడక్షన్ డిజైనర్ అంటున్నారు.

చిన్న సినిమాల్లో రెండు పనులూ ఒకరే చేస్తారు కాబట్టి అలా అనిపిస్తుంది. ప్రొడక్షన్ డిజైనర్ అనే పేరు 1939 నాటిది. హాలీవుడ్ సినిమా 'గాన్ విత్ ది విండ్' మొత్తాన్నీ ముందే బొమ్మల్లో, రంగుల్లో ఊహించి పెట్టిన విలియం కామెరాన్ మెంజీస్‌కి ఆ టైటిల్ ఇచ్చారు. ఆస్కార్ వాళ్లు 'ఆర్ట్ డైరెక్షన్' విభాగం పేరుని 'ప్రొడక్షన్ డిజైన్' అని మార్చింది 2012లో. లొకేషన్లు, సెట్లు, ప్రాపర్టీస్ (సెట్లో వాడే వస్తువులు), రంగులు అన్నీ ఒకే కథ చెబుతున్నాయా అని చూసేది డిజైనర్. ఆ డ్రాయింగుల్ని కట్టించి, టైముకి నిలబెట్టేది ఆర్ట్ డైరెక్టర్.

అపోహ: బొమ్మలు బాగా వేస్తే చాలు.

బొమ్మ కావాలి, కానీ కొలత అంతకన్నా ముఖ్యం. కొత్తలో ఒక గది స్కెచ్ వేస్తే అందరూ మెచ్చుకున్నారు. నాలుగు గోడలూ కదలకుండా బిగించేశాను. తీరా చూస్తే కెమెరా పెట్టి నడిపే ట్రాలీని వెనక్కి లాగడానికి జాగా లేదు. యూనిట్ మొత్తం బయట కూర్చుంటే కార్పెంటర్లు గోడ కోశారు. సగం రోజు పోయింది, తప్పు పూర్తిగా నాది. ఇప్పుడు ప్లాన్‌లో ముందు కెమెరా, ట్రాలీ గీస్తాను, సోఫా ఆ తర్వాతే. ఏ గోడ ఊడి రావాలో కెమెరామన్‌తో కూర్చుని తేల్చుకుంటాను.

అపోహ: సీరియల్ పని తేలిక.

అదే హాలుని నెలల తరబడి రోజూ చూసే ప్రేక్షకులకి కర్టెన్ మారినా తెలిసిపోతుంది. పొద్దున పెళ్లి జరిగిన చోటే సాయంత్రానికి ఆసుపత్రి గది కావాలి. వేగం నేర్చుకోవాలంటే సీరియల్‌ని మించిన బడి లేదు.

అపోహ: సీజీ (కంప్యూటర్ గ్రాఫిక్స్) వచ్చాక సెట్లతో పనిలేదు.

1957లో 'మాయాబజార్'కి ద్వారకని మినియేచర్‌గా, అంటే చిన్న నమూనాగా కట్టి చూపించారు. ఇప్పుడు ఆ పని కంప్యూటర్ చేస్తోంది. గ్రీన్‌మ్యాట్ (షూటింగ్‌లో వెనక కట్టే పచ్చ తెర) స్థానంలో రాబోయే ఊరిని ఎవరో ఒకరు ముందు గీయాలిగా! నటుడు చెయ్యి ఆనించే స్తంభం ఇప్పటికీ మేమే కడుతున్నాం.

అపోహ: డిగ్రీ ఉంటే నేరుగా డిజైనర్ అయిపోవచ్చు.

పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఎఫ్‌టీఐఐలో దీనికి మూడేళ్ల కోర్సు ఉంది. హైదరాబాద్‌లోని ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీ జేఎన్ఏఎఫ్ఏయూలో చదివి వచ్చినవాళ్లూ ఉన్నారు. కుదిరితే తప్పకుండా చదవండి. ఆ తర్వాత కూడా కొన్నేళ్లు అసిస్టెంట్‌గా పనిచేయాల్సిందే. ఈలోగా ఏదో ఒక ఆదివారం టేపు, నోట్‌బుక్ పట్టుకుని హైదరాబాద్ ఎర్రగడ్డలో పాత సామాన్ల సంతకి వెళ్లండి. పాత ట్రంకుపెట్టె ఒకటి తీసి, దాని పిడి ఏ వైపు అరిగిందో, తుప్పు ఏ మూల మొదలైందో గీసుకోండి.