చిలీ ఆడవాళ్లు చెప్పింది, చిలీ విన్నది

సైనిక నియంత పినోషే పాలనలో మాయమైనవాళ్లను వెతికే బాధ్యతను తనమీద వేసుకుంటూ చిలీ ప్రభుత్వం 2023 ఆగస్టు 30న ఒక జాతీయ ప్రణాళిక ప్రకటించింది. అప్పటికి సైనిక కుట్ర జరిగి 50 ఏళ్లు కావస్తోంది. అన్నేళ్లూ ఆ వెతుకులాటను నడిపింది ఎక్కువగా ఆడవాళ్లే.

1973 సెప్టెంబర్ 11న సైన్యం అధికారం లాక్కుంది. అక్టోబర్ 19న ఉత్తరాన ఉన్న కలామాలో 26 మంది ఖైదీలను కాల్చి చంపి, అటకామా ఎడారిలో పూడ్చేసింది. శవాలను ఇంటివాళ్లకు ఇవ్వలేదు. భార్యలు, తల్లులు, అక్కచెల్లెళ్లు పారలు పట్టుకుని ఏళ్ల తరబడి ఎడారి తవ్వారు. 1990లో వాళ్లకు దొరికినవి ఎముకల ముక్కలే. సైన్యం అప్పటికే గోతులు తవ్వించి శవాలను అక్కణ్ణుంచి తరలించేసింది.

శాంటియాగోలో మరికొందరు చర్చి అండతో కుట్టుపని పట్టారు. మనవాళ్లు బొంత కుట్టినట్టే, గోనెగుడ్డ మీద పాతబట్టల ముక్కలు అతికి అరెస్టులు, జైలు గేట్లు, ఖాళీ కుర్చీలు కుట్టేవాళ్లు. ఒక్కోసారి మాయమైన మనిషి చొక్కా గుడ్డే అందులో చేరేది. ఇవి గుట్టుగా విదేశాలకు చేరి అమ్ముడుపోతే ఇల్లు గడిచేది.

ఇంతవరకూ ప్రపంచానికి తెలిసిన కథే. అయితే ఇందులో ఆడది ఎవరికో భార్య, ఎవరికో తల్లి. ఆమెనే పట్టుకెళ్లిన రోజుల సంగతి ఎవరూ అడగలేదు. ప్రజాస్వామ్యం వచ్చాక వేసిన మొదటి కమిషన్ 1991లో ఇచ్చిన నివేదికలో చనిపోయినవాళ్లకూ మాయమైనవాళ్లకూ మాత్రమే చోటు దొరికింది. హింసలు పడి బతికి బయటపడ్డవాళ్లు లెక్కలోకి రాలేదు. నా దృష్టిలో అది పెద్ద అన్యాయం.

హింసలు పడి బతికినవాళ్ల కోసం వేసిన వాలెక్ కమిషన్ 2004లో ఇచ్చిన నివేదికతోనే ఆ తలుపు తెరుచుకుంది. 3,399 మంది మహిళలు వాంగ్మూలం ఇచ్చారు. దాదాపు అందరూ లైంగిక హింస గురించి చెప్పారు. తమపై అత్యాచారం జరిగిందని 316 మంది చెప్పారు. ఆ వాంగ్మూలాలను మాత్రం చట్టం 50 ఏళ్లపాటు రహస్యంగా ఉంచింది. చెప్పినవాళ్ల పరువు కాపాడటానికే అన్నారు కానీ, చేసినవాళ్ల పేర్లూ దానితోపాటే మరుగున పడ్డాయి.

పినోషే ఏ శిక్షా పడకుండానే 2006లో చనిపోయాడు. శాంటియాగోలో, అరుపులు బయటికి వినపడకుండా పాటలు గట్టిగా పెట్టి ఆడవాళ్లను హింసించిన ఒక ఇల్లుంది. అక్కడి నేరాలకు 2020లో ముగ్గురు మాజీ రహస్య పోలీసులకు శిక్ష పడింది. ఆ ఇంటిని స్మారకంగా మార్చాలని బతికి బయటపడ్డ మహిళలు ఏళ్ల తరబడి పోరాడారు.