సెప్టెంబరు 17 వెనక రెండు యుద్ధాలు

ఏటా సెప్టెంబరు వచ్చిందంటే నల్లగొండలో, సూర్యాపేటలో ఒకటే వాదన. 1948లో నిజాం హైదరాబాద్ రాజ్యం భారత సైన్యం ముందు ఓడిపోయిన పదిహేడో తేదీని ఏమని పిలవాలి? కేంద్రం విమోచన దినం అంటుంది. రాష్ట్ర ప్రభుత్వం 2022లో సమైక్యతా దినం అంది, 2024లో ప్రజాపాలన దినోత్సవం అంది. ఎర్రజెండా పార్టీలు విలీనం అంటాయి, సాయుధ పోరాట వారోత్సవాలు జరుపుతాయి. ఆ రోజు దాకా, ఆ తర్వాత కూడా ఈ జిల్లాలో జరిగిన యుద్ధాన్ని ఎవరు ఎలా నడిపారన్న మాట మాత్రం ఆ స్పీచుల్లో పెద్దగా వినిపించదు. ఈ నేల మీద ఒకే కాలంలో రెండు రకాల యుద్ధాలు జరిగాయి. సైన్యాల యుద్ధం ఐదు రోజుల్లో తేలిపోయింది. కమ్యూనిస్టులు నడిపిన రైతు దళాల యుద్ధం నాలుగేళ్ళు సాగింది. ఐదు రోజుల యుద్ధం నాలుగేళ్ళ యుద్ధాన్ని ఎలా మార్చేసిందో తెలిస్తేనే, ఆ తేదీ గురించి ఊళ్ళలో పెద్దవాళ్ళు ఇప్పటికీ అంత గట్టిగా ఎందుకు మాట్లాడతారో అర్థమవుతుంది.

ముందు దళాల సంగతి. 1946 జూలై 4న కడవెండిలో భూస్వామి విసునూరు దేశ్‌ముఖ్ మనుషులు కాల్చిన తూటాకు దొడ్డి కొమరయ్య చనిపోయాడు. కడవెండి ఉన్న జనగామ తాలూకా అప్పట్లో నల్లగొండ జిల్లాలోదే. ఆ నాటికి జనం చేతుల్లో ఉన్నవి గుత్పలు, వడిసెలలు, ఆడవాళ్ళ కొంగుల్లో కారంపొడి. అందుకే ఊళ్ళలో వాళ్ళను కూడగట్టిన ఆంధ్రమహాసభను గుత్పల సంగం అన్నారు. వెట్టి ఆపాలి, గుంజుకున్న భూములు ఇప్పించాలి అన్నదే వాళ్ళ కోరిక. అప్పటికి అది యుద్ధం కాదు. 1947 సెప్టెంబరు 11న కమ్యూనిస్టు నాయకులు రావి నారాయణరెడ్డి, బద్దం ఎల్లారెడ్డి, మఖ్దూం మొహియుద్దీన్ సాయుధ పోరాటానికి పిలుపు ఇచ్చాక యుద్ధమైంది.

ఇక్కడ నేల గురించి ఒక మాట చెప్పాలి. గెరిల్లా యుద్ధం అనగానే దట్టమైన అడవి గుర్తొస్తుంది. నల్లగొండ జిల్లా చాలావరకు మైదానం. రాతి గుట్టలు, చెరువులు, చెల్కలు, తాటి వనాలు. రాచకొండ వైపు, దేవరకొండ వైపు గుట్టలున్నా, సూర్యాపేట, హుజూర్‌నగర్, మిర్యాలగూడ తాలూకాల్లో దళం దాక్కునేంత చాటు లేదు. అయినా దళాలు నిలబడింది ఆ మైదానపు ఊళ్ళలోనే. అన్నం పెట్టింది ఊరు, కబురు మోసింది ఊరు, గాయపడ్డవాడిని గడ్డివాములో దాచింది ఊరు. దళ కమాండర్లు కూడా ఎక్కడి నుంచో రాలేదు. భీమిరెడ్డి నర్సింహారెడ్డి, ఆయన చెల్లెలు మల్లు స్వరాజ్యం పుట్టింది కరివిరాల కొత్తగూడెంలో. ఏ గడీ నుంచి ఏ దారిన పోలీసులు వస్తారో, ఏ ఇల్లు నమ్మదగిందో వాళ్ళకు మ్యాపు అక్కర్లేదు.

ఊరిని నమ్ముకున్న యుద్ధానికి ఒక హద్దు ఉంది. 1948 ఆగస్టు 27న బైరాన్‌పల్లిలో అది తెలిసొచ్చింది. ఇప్పుడు సిద్దిపేట జిల్లాలో ఉన్న ఆ ఊరి జనం అంతకుముందు నిజాం పక్షాన తిరిగే ప్రైవేటు సాయుధ దండు రజాకార్ల దాడులను బురుజు మీద నుంచి తిప్పికొట్టారు. వడిసెలకు, నాటు తుపాకులకు బురుజు సరిపోయింది. ఆ రోజు మాత్రం ఫిరంగులు వచ్చాయి. ఎక్కువమంది ఎక్కి కాపలా కాసిన బురుజే లక్ష్యమైంది. ఎనభైకి పైగా మనుషులను చంపేశారు. చోటు వదిలి కదలడమే గెరిల్లా బలం. పిల్లలూ ముసలివాళ్ళూ ఉన్న ఊరు కదలలేదు. బైరాన్‌పల్లి వాళ్ళ ధైర్యానికి దండం పెట్టాల్సిందే, కానీ ఒక ఊరు ఒంటరిగా ఫిరంగికి ఎదురు నిలబడే పరిస్థితి వచ్చిందంటే ఆ ఊరి చుట్టూ రక్షణ లేదనే అర్థం.

దళాలకు ఊరు కాక ఇంకో అండ కూడా ఉండేది. దాని గురించి తక్కువ చెప్పుకుంటాం. అదే సరిహద్దు. నిజాం పోలీసులు వెంటపడితే కృష్ణా జిల్లాలోకి దాటొచ్చు. అది మద్రాసు రాష్ట్రం, నిజాం తుపాకి అక్కడ పేలదు. నల్లగొండ జిల్లా మధ్యలోనే మునగాల పరగణా కృష్ణా జిల్లా ముక్కగా ఉండేది, చుట్టూ నిజాం రాజ్యం. బెజవాడ నుంచి మందులు, కరపత్రాలు, తుపాకులు వచ్చేవి. శిక్షణ అటువైపే జరిగేది. ఎంత ధైర్యమున్న దళానికైనా ఊపిరి తీసుకునే చోటు ఒకటి కావాలి. అది ఆ గీత అవతల ఉండేది. 1948 మొదటి నెలల నుంచి మద్రాసు ప్రభుత్వం కమ్యూనిస్టుల మీద పడ్డాక ఆ చోటు ఇరుకైంది. సెప్టెంబరులో గీతే చెరిగిపోయింది.

చెరిపింది ఐదు రోజుల యుద్ధం. 1948 సెప్టెంబరు 13 తెల్లవారుజామున భారత సైన్యం ప్రధానంగా రెండు వైపుల నుంచి కదిలింది. దక్షిణ కమాండ్ అధిపతి గొడార్డ్ వేసిన ప్లాను అది. షోలాపూర్ నుంచి మేజర్ జనరల్ జె.ఎన్.చౌదరి వచ్చాడు, విజయవాడ వైపు నుంచి వచ్చిన బలగాలకు మేజర్ జనరల్ ఎ.ఎ.రుద్ర నాయకుడు. కర్నూలు, హోస్పేట లాంటి చోట్ల నుంచి చిన్న బలగాలు దూరాయి. రుద్ర సైన్యం వచ్చింది మన రోడ్డు మీదే, ఇప్పటి 65వ నంబరు జాతీయ రహదారి. మొదటి రోజు పొద్దున్నే కోదాడ, మధ్యాహ్నానికి మునగాల. పదిహేనో తేదీకి, విమానాలు బాంబులు వేశాక, సూర్యాపేట చేతికొచ్చింది.

సూర్యాపేట దాటాక ఈ రోడ్డు మూసీని దాటుతుంది. వెనక్కి పోతూ హైదరాబాద్ సైన్యం ఆ వంతెనను పేల్చేసింది. పేల్చడం సరైన ఎత్తే. నది అడ్డంగా ఉంది, వెనకాల ట్యాంకులు వస్తున్నాయి. కానీ పేల్చిన వంతెనకు ఎదురుగా తుపాకులతో ఎవరినీ కాపలా ఉంచలేదు. మరమ్మతు చేసేవాళ్ళ మీద కాల్పులు జరిపే దిక్కు లేకపోయేసరికి ఇంజనీర్లు తొందరగా వంతెన బాగు చేసుకుని దాటేశారు. కాపలా లేని అడ్డంకి అడ్డంకే కాదని ఏ సైనిక స్కూల్లో అయినా మొదటి సంవత్సరంలోనే నేర్పుతారు. తర్వాత నార్కట్‌పల్లి దగ్గర ఒక రజాకార్ల దండు దాదాపు పూర్తిగా తుడిచిపెట్టుకుపోయింది.

నిజాం వైపు ఓటమికి మూలం ఆ వంతెన దగ్గరే ఉందని నాకనిపిస్తుంది. సేనాధిపతి ఎల్ ఎద్రూస్ చేతిలో ఇరవై వేల పైచిలుకు మంది ఉన్నా, బాగా శిక్షణ పొందినవాళ్ళు అందులో చిన్న భాగం. విమానాలు లేవు. రజాకార్లు తమ నాయకుడు కాసిం రజ్వీ మాట వింటారు, సైన్యం ఎద్రూస్ మాట వింటుంది, ప్రధాని లాయక్ అలీ ఐక్యరాజ్యసమితి వైపు చూస్తున్నాడు. ఆగస్టు 21న అక్కడ ఫిర్యాదు చేశారు. ఎన్నాళ్ళు నిలబడగలిగితే అంత లాభం అన్నది వాళ్ళ లెక్క. నిజంగా నాళ్ళు గడపాలనుకున్న సైన్యం ప్రతి నది దగ్గరా, ప్రతి కనుమ దగ్గరా కాపు కాయాలి. వీళ్ళేమో సరిహద్దంతా పలచగా పరుచుకున్నారు. పైగా ఏళ్ళ తరబడి ఊళ్ళ మీద పడి దోచుకున్న రాజ్యానికి ఆ ఊళ్ళలో దారి చూపే మనిషి, నీళ్ళిచ్చే మనిషి దొరకలేదు. 17 సాయంత్రం కాల్పులు ఆగాయి, 18న ఎద్రూస్ చౌదరికి లొంగిపోయాడు.

ఆ రోజు నల్లగొండ ఊళ్ళలో నిజంగా సంబరం జరిగింది. అదే నెలలో పశ్చిమాన ఉస్మానాబాద్, బీదర్, గుల్బర్గా, నాందేడ్ వైపు వేలమంది ముస్లింలను చంపేశారు. ప్రభుత్వమే పంపిన సుందర్‌లాల్ కమిటీ 27 వేల నుంచి 40 వేల మంది అని అంచనా వేసింది. పేరు గొడవలో ఈ మాట ఎవరూ ఎత్తరు. ఎత్తాలి.

సంబరం ఎక్కువ రోజులు నిలవలేదు. పట్నం పారిపోయిన దొరలు ఖద్దరు టోపీలతో, మిలటరీ జీపుల వెనకాల తిరిగొచ్చారు. పోరాటంలో పేదలకు పంచిన తమ భూములు తిరిగి అడిగారు. అప్పుడు దళాల ముందుకు ఒకే ప్రశ్న వచ్చింది. తుపాకి దించాలా, వద్దా? నిజాం పోయాడు కాబట్టి పోరాటం ఆపాలని రావి నారాయణరెడ్డి లాంటివాళ్ళు అన్నారు. తుపాకి దించితే భూమి పోతుందని దేవులపల్లి వెంకటేశ్వరరావు, భీమిరెడ్డి నర్సింహారెడ్డి అన్నారు. రెండో మాటలో బలం ఉంది. కళ్ళ ముందే భూములు పోతున్నాయి. కానీ ఆ బలం ఫిర్యాదులో ఉంది, యుద్ధ పరిస్థితిలో లేదు. ఎదుటి సైన్యం మారింది. సరిహద్దు లేదు. ట్రక్కులు, వైర్‌లెస్ సెట్లు ఉన్న సైన్యం ముందు మైదానంలో దళం నిలవలేదు. జనంలో చాలామందికి ఈ సైన్యం రజాకార్లను తరిమిన సైన్యం, దాని మీద అదే కోపం లేదు.

దళాలు అడవికి పోయాయి. కొన్ని గోదావరి వైపు, కొన్ని కృష్ణ దాటే చోట నల్లమలకు, అమ్రాబాద్ గుట్టల దాకా. ప్రాణాలు దక్కడానికి అదొక్కటే దారి. దానికి కట్టిన మూల్యం ఎక్కువ. పోరాటం పుట్టింది సూర్యాపేట, జనగామ పొలాల్లో. దాన్ని మోసిన రైతు అక్కడే ఉండిపోయాడు, అరెస్టులు, దెబ్బలు ఒంటరిగా తిన్నాడు. అడవిలో కోయ గూడేలను తరలించి కాపలా క్యాంపుల్లో పెట్టారు, దళాలకు అన్నం అందకుండా. ఇంకోవైపు ప్రభుత్వం 1949 ఆగస్టులో జాగీర్లు రద్దు చేసింది, 1950లో కౌలుదారీ చట్టం తెచ్చింది. 1951 ఏప్రిల్ 18న పోచంపల్లిలో వెదిరె రామచంద్రారెడ్డి వినోబా భావేకు 100 ఎకరాలు పేదల కోసం భూదానంగా ఇచ్చాడు. అది ఉద్యమం చేతిలోని భూమి నినాదాన్నే తీసుకునే ప్రయత్నం. తుపాకితో పాటు అది కూడా యుద్ధంలో భాగమే.

కమ్యూనిస్టు పార్టీ పైకమిటీల్లో ఇదే వాదన మూడేళ్ళు తెగలేదు. 1951 ఫిబ్రవరిలో నలుగురు నాయకులు మాస్కో వెళ్ళి స్టాలిన్‌ను కలిశారు. చైనాకున్నట్టు వెనక ఆనుకోవడానికి మిత్ర సరిహద్దు మీకు లేదు, పైగా రైలు మార్గాలు ఎక్కువ అన్నది ఆయన మాట సారాంశం. సూర్యాపేటలో దళాలు నడిపినవాళ్ళకు ఈ సంగతి 1948 చివరికే ఒంటి మీద తెలుసు. 1951 అక్టోబరు 21న పోరాటం విరమించారు. పార్టీ లెక్క ప్రకారం మొత్తం మీద నాలుగు వేల మంది చనిపోయారు. ఆ మూడేళ్ళలో పోయినవాళ్ళ కుటుంబాలకు ఆ ఆలస్యం ఎందుకో సరిగ్గా వివరించినవాళ్ళు లేరు. నాయకత్వం మీద నాకున్న పెద్ద కంప్లయింటు అదే.

విరమించిన కొద్ది నెలల్లోనే ఎన్నికలు వచ్చాయి. హైదరాబాద్ రాష్ట్రంలో పార్టీ మీద నిషేధం ఉండడంతో పీడీఎఫ్ (పీపుల్స్ డెమోక్రటిక్ ఫ్రంట్) పేరుతో పోటీ చేశారు. నల్లగొండ లోక్‌సభ స్థానంలో రావి నారాయణరెడ్డికి 3,09,162 ఓట్లు పడ్డాయి, నెహ్రూకు ఫూల్‌పూర్ వైపు వచ్చిన ఓట్ల కన్నా ఎక్కువ. అదే నియోజకవర్గంలో రెండో సీటు, షెడ్యూల్డ్ కులాలకు కేటాయించింది, సుంకం అచ్చాలు గెలిచాడు. పోరాటం ఆపొద్దన్న దేవులపల్లి వెంకటేశ్వరరావు 1957లో అదే నల్లగొండ నుంచి ఎంపీ అయ్యాడు. మల్లు స్వరాజ్యం 1978లోనూ 1983లోనూ తుంగతుర్తి నుంచి అసెంబ్లీకి వెళ్ళింది.